రాబర్ట్ హుడ్ అంత తక్కువతో ఏడు నిమిషాలు ఎట్లా నిలబెడతాడు? పలక దెబ్బతో అట్లాంటి ట్రాక్ కట్టాలంటే

ప్రశ్న: కావలిలో పెళ్ళిళ్ళకీ ఊరేగింపులకీ డీజే సెట్టు నడుపుతాను. కొంతకాలంగా డెట్రాయిట్ టెక్నో (అమెరికాలోని డెట్రాయిట్‌లో పుట్టిన యంత్రాల డ్యాన్స్ సంగీతం), అందులోనూ రాబర్ట్ హుడ్ ఎక్కువగా వింటున్నాను. కిక్కు (లోతు డ్రమ్ము దెబ్బ), హ్యాటు (సన్నటి సింబల్ చప్పుడు), చిన్న సింథ్ (ఎలక్ట్రానిక్ వాద్యం) ముక్క తప్ప ఏమీ ఉండవు, అయినా విసుగు పుట్టదు. అదే పద్ధతిలో ఎఫ్‌ఎల్ స్టూడియో అనే పాటలు కట్టే సాఫ్ట్‌వేర్‌లో పలక (డప్పు లాంటి తోలు వాద్యం) దెబ్బలు పెట్టి చేస్తే రెండు నిమిషాలకే చప్పబడిపోతోంది. పైగా హెడ్‌ఫోన్లో బాగున్న కిక్కు మా బాక్సుల మీద రేకు డబ్బా మోగినట్టు మోగుతోంది. తప్పెక్కడ? ఈ దారిలో ముందుకు పోవచ్చా?

సమాధానం:

మీవి రెండు వేరువేరు సమస్యలు. చప్పబడటం లెక్కకు సంబంధించింది. డబ్బా మోత గదికీ బాక్సుకీ సంబంధించింది. రెండూ సరిచెయ్యొచ్చు. కొత్త ప్లగిన్లు కొనే పని లేదు.

ముందు హుడ్ సంగతి. ఆయన పనితీరు ఆయన వచ్చిన దారిలోనే ఉంది. 80ల చివర్లో డెట్రాయిట్‌లో మైక్ బ్యాంక్స్, జెఫ్ మిల్స్ కలిసి అండర్‌గ్రౌండ్ రెసిస్టెన్స్ అనే టెక్నో బృందం మొదలుపెట్టారు. హుడ్ తొలినాళ్ళ నుంచీ అందులో ఉన్నాడు. ఆ బృందంలో ఆయనకు వాళ్ళు పెట్టుకున్న హోదా ‘సమాచార మంత్రి’. ముఖాలకు ముసుగులు, తక్కువ మాటలు, రికార్డులు సొంతంగా అచ్చు వేయించుకుని సొంతంగా అమ్ముకోవడం వాళ్ళ పద్ధతి. అండర్‌గ్రౌండ్ అన్న మాటకు అసలు అర్థం ఇదే. చీకటి గది, కర్ణకఠోరమైన శబ్దం అని చాలామంది అనుకుంటారు గానీ, ఆ మాట చెప్పేది పాట మీద పెత్తనం ఎవరి చేతిలో ఉందనే. 90ల మొదట్లో మిల్స్, హుడ్ ఇద్దరూ బయటికి వచ్చారు. మిల్స్ 1992లో యాక్సిస్ అనే లేబుల్ (రికార్డు కంపెనీ) పెట్టాడు. 1994 హుడ్‌కు పెద్ద ఏడు. మినిమల్ నేషన్, ఇంటర్నల్ ఎంపైర్ అనే రికార్డులు రెండూ ఆ ఏడే వచ్చాయి, ఎం-ప్లాంట్ అనే సొంత లేబుల్ కూడా అప్పుడే.

అప్పటికి యూరప్‌లో రేవ్ అనే రాత్రంతా సాగే డ్యాన్స్ పార్టీల్లో పాటల వేగం పెరిగిపోయి, సైరన్లు, పొడుగాటి బిల్డప్పులు, ఒకదాని మీద ఒకటి పేర్చిన పొరలు ఎక్కువయ్యాయి. హుడ్ దానికి ఎదురు నడిచాడు. తీసెయ్యగలిగినవన్నీ తీసేశాడు. తీసేశాక మిగిలిన ఆ రెండు మూడు ముక్కలు ఒకదానితో ఒకటి ఎట్లా ఒరుసుకుంటాయి అన్నదే పాట అయింది. ఆయనే ఫ్లోర్‌ప్లాన్ పేరుతో చర్చి భక్తి పాటల (గాస్పెల్) గొంతులతో హౌస్ అనే డ్యాన్స్ సంగీతం కూడా చేస్తాడు. కూతురు లిరిక్ ఇప్పుడు అందులో భాగస్వామి. ఆయన చర్చి సేవకుడిగా అభిషేకం పొందిన మనిషి. ఆ పాటల్లో ఒకే మాట నలభై సార్లు వచ్చినా అరగదు. చెక్క భజన చూసినవాళ్ళకు ఇది కొత్త కాదు. పల్లవి మారదు, అడుగు మారుతుంది, చెక్కల దెబ్బ మారుతుంది, ఊపు పెరుగుతుంది.

ఇక మీ చప్పదనం. మీరు రాసినదాన్ని బట్టి కిక్కు 16 అడుగుల్లో (అడుగంటే ఎఫ్‌ఎల్‌లో ఒక గడి, స్టెప్పు; 16 అడుగులు ఒక బారు, అంటే నాలుగు బీట్లు), హ్యాటు 16 అడుగుల్లో, పలక 16 అడుగుల్లో, సింథ్ కూడా 16 అడుగుల్లోనే ఉండుంటాయి. ఎఫ్‌ఎల్ తెరవగానే కనబడేది ఆ 16 గళ్ళ వరసే కాబట్టి అందరూ అందులోనే పడతారు. అన్నీ ఒకే చోట మొదలై ఒకే చోట ముగిస్తే చెవి రెండో బారుకే మొత్తం తెలుసుకుంటుంది. ఆ తర్వాత వినడానికేమీ మిగలదు. అప్పుడు విసుగు పోగొట్టడానికి ఇంకో పొర, ఇంకో ఎఫెక్ట్ వేస్తారు, అది ఇంకా చెడుతుంది.

చెయ్యాల్సింది ఇది. కిక్కు చతురశ్రంలో, అంటే నాలుగు లెక్కలో, నేల లాగా ఉంచండి. దాని మీద ఒక్క పొరను మాత్రం వేరే నడకలో నడపండి: తకిట అంటే 3, తకతకిట అంటే 5, తకిటతకధిమి అంటే 7. మన తాళం లెక్క తెలిసినవాడికి ఇది చేతిలో ఉన్న విద్య. 5 అడుగుల సింథ్ ముక్క 16 అడుగుల బారు మీద తిరిగితే 80 అడుగులకు, అంటే 5 బార్లకు గానీ మళ్ళీ మొదటి కిక్కు మీద పడదు. 7 అయితే 7 బార్లు. 12 అడుగుల ముక్క అయితే 48 అడుగులు, 3 బార్లు. ఒక్క స్వరం కొత్తగా రాయకుండానే ప్రతి బారూ వేరుగా వినబడుతుంది.

ఇక్కడ ఒక చిక్కు ఉంది. డ్యాన్స్ పాట 16 బార్ల వాక్యాల్లో నడుస్తుంది, డీజే కలిపేది కూడా ఆ లెక్కలోనే. 16 బార్లంటే 256 అడుగులు. అందులో 3 అయినా 5 అయినా అతికించుకుంటూ పోతే చివర్లో 1 అడుగు మిగులుతుంది. 7 అయితే 36 సార్లు తిరిగాక 4 అడుగులు మిగులుతాయి. ఈ మిగులును వృథాగా పోనియ్యబాకండి, అదే మీ ముక్తాయింపు. 5 నడకలో మిగిలిన ఆ ఒక్క అడుగు ఖాళీగా వదిలేసి, పదిహేడో బారు మొదట్లో ముక్కను మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకోండి. వినేవాడికి చిన్న తొట్రుపాటు లాగా తగిలి, కొత్త వాక్యం మొదలైందని ఒంటికి తెలుస్తుంది. 7 నడకలో మిగిలిన 4 అడుగుల్లో పలక వరసగా నాలుగు దెబ్బలు వెయ్యండి. సైరన్లు, రైజర్లు (క్రమంగా పైకి లేచే శబ్దాలు) పెట్టాల్సిన పనే ఉండదు.

ఎఫ్‌ఎల్‌లో తేలికైన మార్గం: ఒక్కో శబ్దానికి ఒక్కో ప్యాటర్న్. సింథ్ ప్యాటర్న్‌ను 5 అడుగుల పొడవుకు కత్తిరించి, ప్లేలిస్టులో స్నాప్‌ను స్టెప్ మీద పెట్టి వరసగా అతికించుకుంటూ పోండి. ఏబుల్‌టన్ అనే ఇంకో సాఫ్ట్‌వేర్ వాడేవాళ్ళు క్లిప్ లూప్ పొడవు 0.1.1 అని ఇస్తే 5 పదహారోవంతులు అవుతాయి. వేరే నడకలో ఇంకో పొర కావాలన్నా మొత్తం రెండుకు మించనియ్యబాకండి. మూడు పెడితే లెక్క ఎవరికీ అందదు, వట్టి గందరగోళం.

దీనికి తోడు నెమ్మదిగా కదిలేది ఒకటి ఉండాలి. సింథ్ ముక్కకు లో-పాస్ ఫిల్టర్ (పై శబ్దాన్ని కోసేసేది) పెట్టి 400 హెర్ట్జ్ దగ్గర మొదలుపెట్టి 64 బార్లలో 1200కు తీసుకుపోండి. 130 వేగంలో (నిమిషానికి 130 బీట్లు) 64 బార్లంటే దాదాపు 118 సెకన్లు. గీత తిన్నగా గీస్తే ఊహకు దొరికిపోతుంది. మౌస్ వదిలేసి కంట్రోలర్ నాబ్ చేత్తో తిప్పుతూ రికార్డ్ చెయ్యండి, రెండడుగులు పైకి పోయి ఒకటి వెనక్కి వచ్చే తీరున. అదే సమయంలో డికే (శబ్దం అణిగిపోయే కాలం) 90 మిల్లీ సెకన్ల నుంచి 220 దాకా. ఒకేసారి కదిలేవి ఈ రెండూ చాలు.

సింథ్ ముక్కకు స్వరాలు ఎక్కువ అక్కర్లేదు. రెండో మూడో. ఒక మైనర్ కార్డును (కలిపి మీటిన స్వరాల గుంపును) ఆడియోగా మార్చి, ఆ శాంపిల్‌నే వేరువేరు మెట్ల మీద మీటితే డెట్రాయిట్ వాసన వెంటనే వస్తుంది. కార్డు మొత్తం ఒకే కొలతతో పైకీ కిందికీ జరుగుతుంది కాబట్టి. కార్డులు వద్దనుకుంటే ఒక రాగంలో మూడు స్వరాలు తీసుకోండి. బొంబాయిలో చరణ్‌జిత్ సింగ్ 1982లోనే రోలాండ్ కంపెనీ 808 డ్రమ్ యంత్రం, 303 బేస్ యంత్రం, జూపిటర్-8 సింథ్ పెట్టుకుని పది రాగాలను డిస్కో బీటు మీద వాయించి రికార్డు వేశాడు. షికాగోలో ఫ్యూచర్ బృందం అదే 303తో యాసిడ్ హౌస్ అనే హౌస్ సంగీత రకాన్ని బయటపెట్టింది 1987లో. అట్లాగని 303 శబ్దాన్ని ప్రతి ట్రాకులోనూ పెట్టాలని కాదు. రాగమూ యంత్రమూ పొసగవని ఎవరైనా అంటే నమ్మాల్సిన పనిలేదని చెప్పడానికే ఈ మాట.

కిక్కు దగ్గరికి వద్దాం. ఎక్కువ మంది చెడగొట్టుకునేది ఇక్కడే.

పాటలో కిక్కు ఎంత లోతులో ఉందో ఆ లోతును మీ బాక్సు పలకగలగాలి. ఊరేగింపు సెట్లలో ఉండే 18 అంగుళాల బేస్ బాక్సులు గట్టిగా కొట్టడానికి కట్టినవి. 60 నుంచి 100 హెర్ట్జ్ మధ్య బాగా పలుకుతాయి. 40 కిందికి పోతే కోను ముందుకీ వెనక్కీ ఊగుతుంది గానీ శబ్దం రాదు, కాయిల్ మాత్రం వేడెక్కుతుంది. ఇంటర్నెట్లో దొరికే ట్రాప్ కిక్కులు చాలా వరకు 40 దగ్గర కూర్చుంటాయి. హెడ్‌ఫోన్ దాన్ని వినిపిస్తుంది, బాక్సు వినిపించదు. బాక్సు మీద మిగిలేది పైనున్న టక్ శబ్దం ఒక్కటే. మీ రేకు డబ్బా అదే.

కిక్కును మీరే తయారు చేసుకోండి. సైన్ వేవ్ తీసుకుని శ్రుతి 220 హెర్ట్జ్ దగ్గర మొదలై 45 మిల్లీ సెకన్లలో 52కు జారేటట్టు పిచ్ ఎన్వలప్ పెట్టండి. 52 అంటే ఇంచుమించు పాశ్చాత్య పద్ధతిలో జీ షార్ప్ స్వరం. శబ్దం మొత్తం 300 మిల్లీ సెకన్లలో ఆగిపోవాలి. 130 వేగంలో ఒక బీటు 461 మిల్లీ సెకన్లు. తోక దానికి మించి సాగితే తర్వాతి కిక్కును మింగేస్తుంది. తర్వాత శాచురేషన్ కొద్దిగా వేస్తే 104, 156 హెర్ట్జ్‌ల దగ్గర పై స్వరాలు పుడతాయి. చిన్న బాక్సు మీదా, ఫోను మీదా కిక్కు ఉన్నట్టు తెలిసేది వీటి వల్లే. 30 కింద హై-పాస్ పెట్టి కత్తిరించండి. కిక్కు ముందర తగిలే టక్ కోసం పలక అంచు దెబ్బలో మొదటి 12 మిల్లీ సెకన్లు కోసి, 2 కిలోహెర్ట్జ్ కింద తీసేసి కలపండి. పలకకీ యంత్రానికీ చుట్టరికం అక్కడే కలుస్తుంది. బేస్ లైన్ ఉంటే అదే జీ షార్ప్ గానీ, దాని పంచమం 78 హెర్ట్జ్ గానీ. 130 కింద ఉన్నదంతా మోనో చెయ్యండి. బేస్ బాక్సులకు పోయేది ఎటూ ఒకే సిగ్నలు. స్టీరియోలో ఎదురు ఫేజులో (ఒకటి పైకి పోతుంటే ఇంకోటి కిందికి పోయేటట్టు) ఉన్న బేస్ అక్కడికి పోయేసరికి ఒకదాన్నొకటి చెరిపేసుకుంటుంది.

మీరు మిక్స్ చేసే గది సంగతి. పది అడుగులకు పది అడుగుల స్లాబు గది అయితే, ఆ కొలతకు గది సొంతంగా మోగే శ్రుతి 56, 57 హెర్ట్జ్. సరిగ్గా మీ కిక్కు ఉండే చోటు. పొడవూ వెడల్పూ ఒకటే కాబట్టి ఆ మోత రెండింతలు. గోడకు ఆనుకుంటే బేస్ పొంగుతుంది, గది నట్టనడుమ కూర్చుంటే దాదాపు మాయమవుతుంది. నడిమధ్యన కూర్చుని వినబడటం లేదని బేస్ పెంచితే బయట బాక్సుల మీద బురద. ముందు గోడ నుంచి గది పొడవులో 38 శాతం దూరాన, అంటే పది అడుగుల గదిలో సుమారు మూడు అడుగుల పది అంగుళాల దగ్గర కుర్చీ వేసుకోండి. గోడలకు పాత దూది పరుపులు నిలబెడితే ప్రతిధ్వని తగ్గుతుంది గానీ బేస్ మీద వాటి ప్రభావం చాలా తక్కువ. అందుకని బేస్ నిర్ణయాలు హెడ్‌ఫోన్లోనూ కార్లోనూ చూసుకుని, చివర్లో మీ బాక్సుల మీద తేల్చుకోండి. మీ దగ్గర సెట్టు ఉండటం పెద్ద అదృష్టం. పట్నాల్లో ఇంట్లో పాట చేసేవాళ్ళకు 18 అంగుళాల మీద విని చూసుకునే వీలే ఉండదు.

అయితే ఆ సెట్టును ముందు సరిచెయ్యాలి. బేస్ బాక్సులన్నీ ఒకే పోలారిటీలో (ప్లస్, మైనస్ తీగలు ఒకే తీరుగా కలిపి) ఉన్నాయా? బాక్సు ఆంప్లిఫయర్ నుంచి ఊడదీసి, 1.5 వోల్టుల బ్యాటరీని ప్లస్‌కు ప్లస్ క్షణం పాటు తాకించండి. కోను ముందుకు రావాలి. ఒక్కటి వెనక్కి పోయినా అది పక్క బాక్సు పనిని చెరుపుతూ ఉన్నట్టే. రిపేరుకు పోయి వచ్చిన బాక్సుల్లో ఇది తరచూ జరుగుతుంది. రెండోది, బేస్ బాక్సులను వాహనానికి అటొకటి ఇటొకటి పెట్టబాకండి. 57 హెర్ట్జ్ అల పొడవు దాదాపు 6 మీటర్లు. రెండు బాక్సుల నుంచి మీ దూరాల్లో 3 మీటర్ల తేడా ఉన్న చోటల్లా కిక్కు మాయం. అన్నీ ఒక్కచోట గుంపుగా పెడితే బలమూ పెరుగుతుంది, చోటు చోటుకూ తేడా ఉండదు. క్రాసోవర్ (బేస్‌నూ పై శబ్దాన్నీ విడదీసే హద్దు) 90 నుంచి 100 హెర్ట్జ్ మధ్య, 24 డెసిబెల్స్ వాలుతో. బేస్ బాక్సులకు 38 దగ్గర హై-పాస్ తప్పనిసరి. మిక్సర్ మీద ‘లో’ (బేస్), ‘హై’ (పై శబ్దం) నాబులు రెండూ నిండుగా తిప్పి ‘మిడ్’ (నడిమి శబ్దం) తగ్గించే అలవాటు మానండి. పలక పలికేదే ఆ మిడ్‌లో. ఆంప్లిఫయర్ క్లిప్ లైటు వెలగడం బలానికి గుర్తు కాదు. తల తెగిన అలలో పై స్వరాలు ఎక్కువై, హార్న్ యూనిట్ డయాఫ్రమ్ కాలేది దానివల్లే.

పలక రికార్డింగుకు ఇంకాస్త ఓపిక కావాలి. ఫోను వద్దు. గట్టి దెబ్బ పడగానే అది తనంతట తాను శబ్దం తగ్గించేస్తుంది, తోక మాత్రం ఉబ్బుతుంది. రెండు మైకులున్న చేతి రికార్డర్ చాలు. వేవ్ ఫైలు, 24 బిట్, 48 కిలోహెర్ట్జ్. తోలు నుంచి మూడు అడుగుల దూరం, ఎదురుగా కాకుండా 45 డిగ్రీల వాటంలో. గట్టి దెబ్బకు మీటరు మైనస్ 12 డెసిబెల్స్ దాటకూడదు. ఊరి బయట చేలో, గాలి లేవకముందు, తెల్లవారుజామున చేస్తే గోడల ప్రతిధ్వని ఉండదు, హైవే లారీల హోరూ తక్కువ. మైకుకు గాలి తొడుగు వెయ్యండి.

దరువు వాయించమని రెండు నిమిషాలు రికార్డ్ చేసి ఊరుకుంటే సరిపోదు. లావు పుల్లతో నడుమ, లావు పుల్లతో అంచు, సన్న పుల్లతో ఒంటి దెబ్బ, చేత్తో తోలు మూసి కొట్టిన దెబ్బ, ఇట్లా ఒక్కోటీ మెల్లగా మొదలుపెట్టి గట్టి దాకా 20 సార్లు, ఒక్కో దెబ్బ మధ్య 3 సెకన్లు ఖాళీ. పలకను మంట కాచక ముందు ఒక తడవ, కాచాక ఒక తడవ. సముద్రం దగ్గరి ఊళ్ళలో గాలి చెమ్మకు తోలు తొందరగా వదులవుతుంది, పదిహేను నిమిషాలకే శ్రుతి జారుతుంది. మధ్య మధ్య కాచి, ఏ దెబ్బ ఎప్పటిదో నోటితో చెప్పి రికార్డులోనే గుర్తు పెట్టండి. లేకపోతే శాంప్లర్‌లో (రికార్డ్ చేసిన దెబ్బలను మీటే సాధనంలో) ఒక దెబ్బకూ ఇంకో దెబ్బకూ శ్రుతి కుదరక, ఎందుకో తెలియక తల పట్టుకుంటారు. ఆ తర్వాత దరువులు కూడా తీసుకోండి, వాటి కాలం తీరు నేర్చుకోవడానికి.

శాంప్లర్‌లో ఒక్కో దెబ్బకు ఆరు రకాలు పెట్టి, వంతులవారీగా మోగేటట్టు చెయ్యండి. ఒకే శాంపిల్ వరసగా మోగితే కుట్టు మిషను అవుతుంది. 120 హెర్ట్జ్ కింద కత్తిరించండి, అది కిక్కు స్థలం. క్వాంటైజ్ (దెబ్బలను లెక్క గీత మీదికి లాగడం) నూరు శాతం చెయ్యబాకండి, 50 చాలు. కిక్కు గీత మీదే ఉండాలి, పలక అటూ ఇటూ 10 మిల్లీ సెకన్లు కదలనివ్వండి. వాయించినవాడి చేతి తీరు ఆ కొద్ది తేడాలోనే ఉంటుంది. హ్యాటుకు 54 నుంచి 56 శాతం స్వింగ్ (రెండో దెబ్బను కొద్దిగా ఆలస్యంగా వెయ్యడం). హ్యాటు శబ్దానికి రోలాండ్ 909 డ్రమ్ యంత్రం శాంపిళ్ళు చాలు. 1983లో వచ్చిన ఆ యంత్రంలో కిక్కు, స్నేర్ అనలాగ్ సర్క్యూట్లు, హ్యాట్లూ సింబళ్ళూ 6 బిట్ శాంపిళ్ళు. ఆ గరుకుదనం పలక తోలు పక్కన బాగా కుదురుతుంది. పలకకు డిలే (దెబ్బ కొంతసేపటికి మళ్ళీ వినబడే ఎఫెక్ట్) వేస్తే మూడు పదహారోవంతులు, అంటే 130 వేగంలో 346 మిల్లీ సెకన్లు. ఫీడ్‌బ్యాక్ (ఆ మోత మళ్ళీ మళ్ళీ తిరిగొచ్చే కొలత) 40 శాతం. డిలే తిరిగొచ్చే శబ్దంలో 300 కింద, 4000 పైన తీసెయ్యండి.

మీ చుట్టూ ఉన్న ఇంకో రెండు శబ్దాలు చెప్పాలి. అల్లూరు, విడవలూరు వైపు రొయ్యల గుంటల్లో రాత్రంతా తిరిగే ఏరేటర్లు. చక్రం రెక్కలు నీటిని కొట్టే చప్పుడు దానంతటదే ఒక లూపు. రెండు ఏరేటర్ల వేగం ఒకటి కాదు కాబట్టి అవి కలుస్తూ విడిపోతూ ఉంటాయి. పైన చెప్పిన 5 మీద 16 లెక్క అక్కడ గట్టు మీద నిలబడి వినొచ్చు. మోటార్ల వల్ల 50, 100, 150 హెర్ట్జ్ దగ్గర గుయ్ శబ్దం ఎక్కుతుంది. ఈక్యూలో సన్నటి గాటుతో తీసెయ్యండి. లేదా ఉంచుకుని కిక్కును సరిగ్గా 50 హెర్ట్జ్‌కు, అంటే జీ స్వరానికి 35 సెంట్లు (సెంటు అంటే అర స్వరంలో నూరో వంతు) పైకి శ్రుతి చెయ్యండి. జీ దగ్గరే, 49 మీద వదిలేస్తే రెండూ కొట్టుకుని సెకనుకొకసారి శబ్దం ఊగుతుంది. గట్టు మీద తడి నేల, కరెంటు తీగలు ఉంటాయి. యజమాని అనుమతి లేకుండా, చీకట్లో ఒంటరిగా పోబాకండి. రెండోది చీమకుర్తి. గెలాక్సీ గ్రానైటు కోసే రంపాల శబ్దం గేటు బయట నుంచి కూడా దొరుకుతుంది. మీటరు మైనస్ 18 దగ్గర ఉంచి తీసి, రెండు ఆక్టేవులు (స్థాయిలు) కిందికి దించితే తంబురా లాంటి మంచి నిలకడ మోత (డ్రోన్) అవుతుంది.

ట్రాక్ అమరిక గురించి ఎక్కువ చెప్పేదేం లేదు. 130 వేగంలో 224 బార్లు, దాదాపు 6 నిమిషాల 54 సెకన్లు. మొదటి 32, చివరి 32 బార్లు కిక్కు, హ్యాటు, పలక మాత్రమే, కలిపేవాడికి చోటు. కిక్కు తీసేస్తే ఒక బారు, మహా అయితే రెండు. మాస్టర్‌లో (అన్ని శబ్దాలూ కలిసే చివరి చానెల్లో) ఏ ఎఫెక్టూ లేకుండా మిక్స్ మైనస్ 6 డెసిబెల్స్ దగ్గర ఆగాలి. క్లబ్బు కోసం చివరి మాస్టర్ మైనస్ 9 ఎల్‌యూఎఫ్‌ఎస్ (చెవికి తగిలే సగటు బలానికి కొలత) చుట్టుపక్కల, ట్రూ పీక్ (అల అసలు శిఖరం) మైనస్ 1. స్ట్రీమింగ్ సైట్లు ఎటూ మైనస్ 14 దగ్గరికి దించేస్తాయి. అక్కడ గెలవడం కోసం ఇంకా నలిపితే కిక్కే చస్తుంది. సాఫ్ట్‌వేర్ మాట ఒకటి: ఎఫ్‌ఎల్ అన్నిటికన్నా చవక ఎడిషన్‌లో ఆడియో రికార్డింగు ఉండదు. పలకను నేరుగా ఎఫ్‌ఎల్‌లోకి రికార్డ్ చెయ్యాలంటే ప్రొడ్యూసర్ ఎడిషన్ కావాలి. ఒకసారి కొంటే అప్‌డేట్లు జీవితాంతం ఉచితం. క్రాక్ పెట్టిన కాపీలో ప్రాజెక్టు పోగొట్టుకుని ఏడ్చేకంటే అది మేలు.

డీజేగా మీకు చేతనైనది చాలా ఉంది, మార్చుకోవాల్సింది కలిపే తీరు. ఫంక్షన్‌లో పాట మార్చడమంటే ఒకటి ఆపి ఇంకోటి మొదలుపెట్టడం. ఇక్కడ రెండు ట్రాకులు రెండు నిమిషాల పాటు కలిసి నడవాలి. సింక్ బటన్ ఆపేసి, పిచ్ ఫేడర్‌తో చెవి మీద కలపడం రోజూ అరగంట చెయ్యండి. రెండు ట్రాకుల కిక్కులకూ మిక్సర్ మీద ‘లో’ నాబు ఒకేసారి తెరిచి ఉంచబాకండి. 16 బార్ల అంచున ఒకటి మూసి ఇంకోటి తెరవాలి. మిల్స్ 1995లో టోక్యోలో రికార్డ్ చేసిన లిక్విడ్ రూమ్ సెట్టు వినండి, మూడు టర్న్‌టేబుళ్ళ మీద ట్రాకులను నిమిషం, రెండు నిమిషాలకు మించి ఉంచడు. తక్కువ సరుకున్న ట్రాకులు ఎందుకు చేస్తారో అప్పుడు తెలుస్తుంది: ఇంకో ట్రాకుకు చోటు వదిలి ఉంచడానికి. చెవులకు ప్లగ్గులు పెట్టుకోండి. 100 డెసిబెల్స్ దగ్గర భద్రంగా ఉండగలిగేది 15 నిమిషాలే, మీ వాహనం ముందు అంతకన్నా ఎక్కువే ఉంటుంది. రాత్రి 10 నుంచి ఉదయం 6 దాకా బయట లౌడ్‌స్పీకర్లు వాడకూడదన్న 2000 నాటి నిబంధన మీకు తెలిసిందే. ఈ సంగీతం వాయించాలంటే మూసిన హాలే దారి.

ముందుకు పోయే దారి ఉందా అన్నారు. ఉంది, కానీ పెళ్ళి సెట్టు వదిలేసి కాదు. ఈ రకం పాట కొన్నేళ్ళ దాకా అన్నం పెట్టదు. పెళ్ళిలో గంటసేపు టెక్నో వేసి జనాన్ని మార్చాలని చూడబాకండి, బేరం పోతుంది, పాటకూ చెడ్డపేరు. రెండూ వేరు పేర్లతో నడపండి. ముందు నాలుగు ట్రాకుల ఈపీ (చిన్న ఆల్బం). నాలుగింటిలోనూ అదే పలక, అదే కిక్కు శ్రుతి, అదే ఏరేటర్. వింటే ఒకే చేతి పని అని తెలియాలి. కళాకారులు పాటలు నేరుగా అమ్ముకునే బ్యాండ్‌క్యాంప్ సైటులో సొంతంగా పెట్టుకోవచ్చు, డిజిటల్ అమ్మకం మీద వాళ్ళు తీసుకునేది 15 శాతం. లేబుల్‌కు పంపేటప్పుడు మూడు ట్రాకులకు మించకుండా, ప్రైవేటు లింకుతో, రెండు వాక్యాల ఉత్తరం చాలు. ఆ లేబుల్ చివరి అయిదు రికార్డులు వినకుండా పంపబాకండి. వాయించే చోట్ల కోసం మద్రాసు మీకు దగ్గర, కావలి నుంచి రైల్లో నాలుగు గంటల ప్రయాణం. అక్కడి రాత్రులకు ముందు వినేవాడిగా నాలుగు తడవలు పోండి, తర్వాతే వాయిస్తానని అడగండి.

ఒక్క విషయంలో మాత్రం గట్టిగా చెబుతున్నా. పలక వాయించే వాళ్ళ చేతి పనిని ఉచిత శాంపిల్ లాగా చూడబాకండి. చావుకీ జాతరకీ పిలిచి, పని అయ్యాక గడప బయటే నిలబెట్టిన చరిత్ర ఆ వాద్యానికి ఉంది. రికార్డింగు రోజుకు వాళ్ళు ఫంక్షన్‌కు తీసుకునే పూర్తి కూలి, ముందుగానే. ఒక తెల్ల కాగితం మీద తెలుగులో: ఏ తేదీన ఏ శబ్దాలు రికార్డ్ చేశాం, ఏ ట్రాకులకు వాడతాం, అమ్మకంలో వాటా ఎంత శాతం, లెక్క ఏ నెలలో చెబుతాం, శాంపిల్ ప్యాకుగా వేరేవాళ్ళకు అమ్మం అని. ఇద్దరి సంతకాలు, ఇద్దరికీ చెరొక కాపీ. ట్రాకు వివరాల్లో వాయించినవారి పేరు మీ పేరు పక్కనే, వాళ్ళు ఒప్పుకుంటే ఊరి పేరుతో సహా.

కిక్కు మళ్ళీ కట్టాక, కిక్కు ఒక ఫైలు, పలక ఒక ఫైలు, సింథ్ ఒక ఫైలుగా 16 బార్లు ఇక్కడ పెట్టండి. మీ బేస్ బాక్సు లోపలి కొలతలు, పోర్టు పొడవు, స్పీకర్ మోడల్ కూడా రాస్తే, అది ఏ శ్రుతికి కట్టిన బాక్సో లెక్క వేసి కిక్కు 52 ఉండాలో, 55కు జరపాలో చెబుతాను.